భార్య గానీ భర్త గానీ కనిపించకుండా పోతే: హెబియస్ కార్పస్ పిటిషన్ గురించి తరచుగా అడిగే ప్రశ్నలు

ఇంట్లో మనిషి కనిపించక, స్టేషన్ చుట్టూ తిరిగి విసిగిపోయినవాళ్లకు ఎవరో ఒకరు తప్పకుండా చెప్పే మాట ఒకటుంది: "హైకోర్టులో హెబియస్ కార్పస్ వేయండి, పోలీసులే తెచ్చి నిలబెడతారు." ఆ మాటలో నిజం ఉంది, కానీ సగమే. పోలీసులు తెచ్చి నిలబెట్టేది జడ్జిల ముందు. అక్కడి నుంచి ఎక్కడికి వెళ్లాలో ఆ మనిషే చెబుతుంది. ఈ తేడా తెలియకుండా హైకోర్టు దాకా వెళ్లి, ఉన్న కాస్త బంధాన్నీ తెంచుకుని తిరిగొచ్చే కుటుంబాలు చాలా ఉన్నాయి. నిజంగా బందీగా ఉన్నవాళ్ల కోసం వెంటనే వేయాల్సిన పిటిషన్‌ను వేయకుండా, పెద్దమనుషుల పంచాయితీల్లో రోజులు పోగొట్టుకునేవాళ్లూ ఉన్నారు. ఇద్దరికీ పనికొచ్చేలా ఈ ప్రశ్నలూ జవాబులూ రాశాను. చట్టం దేశమంతటికీ ఒకటే. కోర్టు వాడుకలు మాత్రం ఆంధ్రప్రదేశ్, తెలంగాణ హైకోర్టుల్లో వినిపించేవి.

హెబియస్ కార్పస్ పిటిషన్ అంటే ఏమిటి?

ఒక మనిషిని చట్టవిరుద్ధంగా నిర్బంధించారని ఎవరైనా కోర్టుకు చెబితే, "ఆ మనిషిని మా ముందుకు తీసుకురండి, ఏ అధికారంతో ఆపారో చెప్పండి" అని కోర్టు ఆదేశించే ప్రక్రియ ఇది. రాజ్యాంగంలోని 226వ అధికరణం కింద హైకోర్టుకు, 32వ అధికరణం కింద సుప్రీంకోర్టుకు ఈ అధికారం ఉంది. కుటుంబ వివాదాల్లో దాదాపు ఎప్పుడూ హైకోర్టుకే వెళ్లాలి. మొదట హైకోర్టు తలుపు తట్టకుండా నేరుగా ఢిల్లీ వెళితే సాధారణంగా వెనక్కే పంపుతారు. నిర్బంధించింది పోలీసులే కానక్కరలేదు. తండ్రి, అన్న, అత్తగారు, భర్త ఎవరైనా సరే, మనిషిని ఇష్టానికి వ్యతిరేకంగా ఆపి ఉంచితే వాళ్ల మీద వేయవచ్చు. మన హైకోర్టుల్లో ఈ పిటిషన్లను ఇద్దరు జడ్జిల ధర్మాసనం వింటుంది. ఎవరి కోసం పిటిషన్ వేశారో ఆ మనిషిని కోర్టు భాషలో 'డిటెన్యూ' అంటారు. లాయర్ నోటా, ఉత్తర్వుల్లోనూ ఈ మాటే వినిపిస్తుంది కాబట్టి తెలిసి ఉండడం మంచిది.

నా భార్య గొడవపడి పుట్టింటికి వెళ్లింది. ఫోన్ ఎత్తడం లేదు, మా మామగారు గడప తొక్కనివ్వడం లేదు. వేయవచ్చా?

ఎక్కువమంది అడిగేది ఇదే కాబట్టి కాస్త వివరంగా చెబుతాను.

ముందు మీరే ఒక ప్రశ్న వేసుకోండి. ఆమెను రానివ్వడం లేదా, ఆమే రావడం లేదా? ఆమె ఇష్టప్రకారమే పుట్టింట్లో ఉంటే అది నిర్బంధం కాదు. నిర్బంధం లేని చోట ఈ పిటిషన్‌కు చోటు లేదు. పెళ్లయిన స్త్రీ భర్త కస్టడీలో ఉండాలనీ, ఆమెను ఇంకెవరు ఉంచుకున్నా అది అక్రమమనీ ఏ చట్టమూ చెప్పడం లేదు. భర్త తన భార్యను రప్పించుకోవడానికి ఈ రిట్ (హైకోర్టు, సుప్రీంకోర్టు ఇచ్చే ఈ రకం ఆదేశం) వాడుకోవడం గురించి మొహమ్మద్ ఇక్రమ్ హుస్సేన్ కేసులో సుప్రీంకోర్టు 1960ల్లోనే హెచ్చరించింది. అలాంటి సందర్భాల్లో ఈ రిట్‌ను ఆషామాషీగా ఇవ్వకూడదనీ, భార్యాభర్తల హక్కులు తేల్చుకోవడానికి మామూలు కోర్టులు ఉన్నాయనీ అప్పుడే చెప్పింది.

మరి మీకున్న దారి ఏది? హిందూ వివాహ చట్టం 9వ సెక్షన్ కింద, కాపురానికి రమ్మని కోరుతూ ఫ్యామిలీ కోర్టులో పిటిషన్ వేయవచ్చు. ఈ సెక్షన్‌కు మన హైకోర్టుతో గట్టి సంబంధం ఉంది. 1983లో టి. సరిత కేసులో ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ హైకోర్టులో జస్టిస్ పి.ఎ. చౌదరి, మనిషి శరీరం మీద ఆ మనిషికున్న హక్కును ఈ సెక్షన్ హరిస్తోందని చెప్పి దాన్ని కొట్టేశారు. మరుసటి ఏడాది సరోజ్ రాణి కేసులో సుప్రీంకోర్టు ఆ అభిప్రాయంతో విభేదించి సెక్షన్‌ను నిలబెట్టింది. కాబట్టి చట్టంలో అది ఉంది. కానీ డిక్రీ వచ్చినా పోలీసులు ఆమెను తెచ్చి మీ ఇంట్లో దించరు. డిక్రీని పాటించకపోతే ఆస్తి జప్తు దాకా వెళ్లవచ్చు, మనిషిని జప్తు చేసే వీలు ఏ కోర్టుకూ లేదు. డిక్రీ తర్వాత ఏడాది గడిచినా కాపురం మొదలుకాకపోతే విడాకులు అడగడానికి అదే కారణమవుతుంది.

నా అభిప్రాయం అడిగితే, గొడవపడి వెళ్లిన భార్య విషయంలో హెబియస్ కార్పస్ వేయడం కాపురం నిలబడే అవకాశాన్ని మీ చేతులతో మీరే తగ్గించుకోవడం. మిమ్మల్ని నమ్మి రావాల్సిన మనిషిని పోలీసు జీపులో రప్పించి, ఆమె తల్లిదండ్రులను ప్రతివాదులుగా నిలబెట్టాక, మాట్లాడుకోవడానికి ఏం మిగులుతుంది? నిర్బంధం ఉందనడానికి నిజమైన ఆధారం ఉంటే తప్ప ఈ దారి పట్టకండి.

మాది ప్రేమ పెళ్లి. రిజిస్టర్ కూడా అయింది. వాళ్ల నాన్న, అన్నలు వచ్చి బలవంతంగా తీసుకెళ్లారు. ఇప్పుడెక్కడ ఉంచారో తెలియదు.

ఈ పిటిషన్ సరిగ్గా పనికొచ్చేది ఇక్కడే. ఆలస్యం చేయకండి. ఇలాంటి కేసుల్లో రోజులు గడిచే కొద్దీ ఆమె మీద ఒత్తిడి పెరుగుతుంది. వేరే సంబంధం చేసేస్తారన్న భయం, పరువు పేరుతో దాడి జరిగే ప్రమాదం కూడా ఉంటాయి.

చట్టం మీ వైపు గట్టిగానే ఉంది. యుక్తవయసు వచ్చిన వ్యక్తి తనకు నచ్చినవాళ్లను పెళ్లి చేసుకోవచ్చని, కులాంతర, మతాంతర వివాహం చేసుకున్నవాళ్లను ఎవరూ వేధించకుండా పోలీసులు చూడాలని లతా సింగ్ కేసులో 2006లో సుప్రీంకోర్టు చెప్పింది. 2018లో శక్తి వాహిని కేసులో ఖాప్ పంచాయతీల (ఉత్తరాదిలోని కులపెద్దల పంచాయతీల) జోక్యం చట్టవిరుద్ధమని చెప్పి, బెదిరింపులు ఎదుర్కొనే జంటలకు రక్షణ ఎలా ఇవ్వాలో మార్గదర్శకాలు ఇచ్చింది. అదే ఏడాది హాదియా కేసు తీర్పు వచ్చింది. ఆ కేసులో తండ్రి వేసిన హెబియస్ కార్పస్ పిటిషన్ మీద కేరళ హైకోర్టు ఏకంగా ఆమె పెళ్లినే రద్దు చేసింది. సుప్రీంకోర్టు ఆ ఉత్తర్వును పక్కన పెట్టి, హెబియస్ కార్పస్ విచారణలో పెళ్లిని రద్దు చేయడం హైకోర్టు పని కాదని తేల్చింది. జీవిత భాగస్వామిని ఎంచుకోవడం ఆమె హక్కని స్పష్టంగా రాసింది.

అబ్బాయికి 21 నిండలేదని కొందరు వెనకాడతారు. ఇద్దరూ 18 దాటినవాళ్లయితే, పెళ్లి చెల్లుబాటు సంగతి ఎలా ఉన్నా, కలిసి ఉండే స్వేచ్ఛ వాళ్లకుందని నందకుమార్ కేసులో 2018లో సుప్రీంకోర్టు చెప్పింది.

ఇద్దరి వయసు ధ్రువపత్రాలు, పెళ్లి సర్టిఫికెట్, ఆమె మీతో ఇష్టంగా ఉందని చూపే ఫొటోలు, సందేశాలు, ఆమె గతంలో పోలీసులకు ఇచ్చిన రక్షణ దరఖాస్తు ఏదైనా ఉంటే దాని నకలు లాయర్ చేతికి ఇవ్వండి. ఆమెను తీసుకెళ్లిన రోజున చూసినవాళ్లు ఎవరు, కారు నంబరు ఏమిటి, ఎవరెవరు వచ్చారు అన్నవి మరిచిపోకముందే రాసి పెట్టుకోండి.

మా అమ్మాయిని అత్తింటివాళ్లు ఇంట్లో బంధించారు. మమ్మల్ని చూడనివ్వడం లేదు. తల్లిదండ్రులుగా మేం వేయవచ్చా?

వేయవచ్చు. కానీ అంతకంటే త్వరగా పని జరిగే దారులు ముందు చూడండి. ప్రాణానికి ప్రమాదం ఉందనిపిస్తే 112కు ఫోన్ చేయండి. మహిళల హెల్ప్‌లైన్ 181, హింసకు గురైన స్త్రీలకు సాయం చేసే జిల్లాల్లోని సఖి కేంద్రాలు ఇలాంటి వాటి కోసమే ఉన్నాయి.

చాలామందికి తెలియని దారి ఇంకొకటి ఉంది. భారతీయ నాగరిక్ సురక్షా సంహిత 100వ సెక్షన్ (పాత సీఆర్‌పీసీలో 97) కింద, ఎవరినైనా అక్రమంగా నిర్బంధించారని నమ్మడానికి కారణం ఉంటే జిల్లా మేజిస్ట్రేట్, సబ్ డివిజనల్ మేజిస్ట్రేట్ లేదా ఫస్ట్ క్లాస్ మేజిస్ట్రేట్ సెర్చ్ వారెంట్ ఇవ్వవచ్చు. మన దగ్గర సబ్ డివిజనల్ మేజిస్ట్రేట్ అంటే ఆర్డీవో లేదా సబ్ కలెక్టర్. అంటే హైకోర్టు దాకా వెళ్లే ముందే మీ డివిజన్ కేంద్రంలో ఒక తలుపు ఉంది. వారెంట్‌తో పోలీసులు వెళ్లి మనిషిని వెతికి, దొరికితే వెంటనే మేజిస్ట్రేట్ ముందు హాజరుపరచాలి. దీని పక్కనే ఉన్న 101వ సెక్షన్ ఎత్తుకెళ్లిన లేదా అక్రమంగా ఆపిన స్త్రీలను విడిపించడానికి ఉద్దేశించింది.

అక్రమ నిర్బంధం నేరం కూడా. భారతీయ న్యాయ సంహిత (పాత ఐపీసీ స్థానంలో వచ్చిన చట్టం) 127వ సెక్షన్ కింద కేసు పెట్టవచ్చు. కొట్టడం, కట్నం కోసం వేధించడం ఉంటే 85వ సెక్షన్ (పాత 498ఎ) ఉంది. గృహహింస చట్టం కింద మేజిస్ట్రేట్ నుంచి రక్షణ ఉత్తర్వు కూడా తెచ్చుకోవచ్చు.

ఇవేవీ కదలకపోతే, కదిలేంత సమయం లేకపోతే, హైకోర్టుకు వెళ్లండి. ఎస్పీకి ఇచ్చిన ఫిర్యాదు రసీదు, 112కు కాల్ చేసిన వివరాలు అక్కడ బాగా పనికొస్తాయి.

ఆమె పుట్టింట్లో లేదు, స్నేహితుల దగ్గరా లేదు. ఎవరి మీదా అనుమానం లేదు. అయినా వేయవచ్చా?

ఎవరో నిర్బంధించారని చెప్పలేనప్పుడు ఇది మిస్సింగ్ కేసు. దీనికి మొదటి చోటు పోలీస్ స్టేషన్. మన రెండు రాష్ట్రాల్లోనూ పోలీసులు 'ఉమన్ మిస్సింగ్', 'మ్యాన్ మిస్సింగ్' పేరుతో ఎఫ్‌ఐఆర్ కడతారు. అడగడానికి మొహమాటపడకండి, నకలు తీసుకోండి. ఫోన్ టవర్ లొకేషన్, కాల్ డేటా, బ్యాంకు కార్డు వాడకం, బస్టాండులోనూ రైల్వే స్టేషన్‌లోనూ ఉన్న సీసీ కెమెరాలు చూడాల్సింది పోలీసులే. కెమెరా రికార్డింగులు కొద్ది రోజులకే చెరిగిపోతాయి. "రెండు రోజులు చూద్దాం, తనే వస్తుందిలే" అని ఊరుకోవడం వల్ల పోయేది ఈ ఆధారాలే.

హెబియస్ కార్పస్ అడిగే హక్కు అందరికీ ఉన్నా అడిగిన ప్రతిసారీ దొరికేది కాదని, చట్టవిరుద్ధ నిర్బంధం ఉందని ప్రాథమికంగా చూపించాలని యుమ్నం ఆనంద్ కేసులో 2007లో సుప్రీంకోర్టు చెప్పింది. ఆ తర్వాత పలు హైకోర్టులు మిస్సింగ్ కేసుల్లో దీన్నే పట్టుకుని పిటిషన్లు తోసిపుచ్చాయి. అయితే పోలీసులు మిస్సింగ్ కేసు కట్టి పక్కన పడేస్తే, దర్యాప్తు ఎక్కడిదాకా వచ్చిందో చెప్పమని, సరిగా చేయమని ఆదేశం కోరుతూ మామూలు రిట్ పిటిషన్ వేసే దారి ఉంది. లాయర్‌తో ఈ తేడా మాట్లాడుకోండి. పేరు హెబియస్ కార్పస్ అని పెట్టినంత మాత్రాన పని వేగంగా జరగదు.

స్టేషన్‌లో "మీ ఇంటి గొడవ, మీరే చూసుకోండి" అంటున్నారు. కేసు తీసుకోవడం లేదు.

గుర్తించదగిన నేరం (వారెంట్ లేకుండానే పోలీసులు అరెస్టు చేయగల నేరం) జరిగినట్టు ఫిర్యాదులో ఉంటే ఎఫ్‌ఐఆర్ కట్టి తీరాలని లలితా కుమారి కేసులో 2013లో అయిదుగురు జడ్జిల రాజ్యాంగ ధర్మాసనం తేల్చింది. అయితే అదే తీర్పు కుటుంబ, వివాహ వివాదాల్లో ముందు ప్రాథమిక విచారణ చేసుకునే వీలు ఇచ్చింది. స్టేషన్‌లో కౌన్సెలింగ్ పేరుతో జరిగే కాలయాపనకు ఇదే ఆసరా. అందుకే ఫిర్యాదులో 'భార్యాభర్తల గొడవ' అని కథంతా రాయకండి. ఫలానా రోజు ఫలానా సమయంలో ఎవరు ఎవరిని ఎలా తీసుకెళ్లారు, ఎక్కడ ఆపారు అన్నది రాయండి. నేరం కనిపించేలా ఉండాలి.

నేరం ఎక్కడ జరిగినా, ఏ స్టేషన్‌లోనైనా జీరో ఎఫ్‌ఐఆర్ కట్టించవచ్చు. తీసుకోకపోతే ఫిర్యాదును రిజిస్టర్డ్ పోస్టులో ఎస్పీకో కమిషనర్‌కో పంపండి. అప్పటికీ కదలిక లేకపోతే అఫిడవిట్‌తో మేజిస్ట్రేట్ దగ్గరకు వెళ్లవచ్చు.

అఫిడవిట్‌లో ఏం ఉండాలి?

జడ్జి చూసేది ఒక్కటే: ఈ మనిషి తన ఇష్టానికి వ్యతిరేకంగా ఎవరి చేతుల్లోనో ఉందని నమ్మడానికి కారణం ఉందా? మీ కాపురం చరిత్ర, కట్నం లెక్కలు, వియ్యంకుల మధ్య మాటపట్టింపులు పేజీల కొద్దీ రాస్తే ఆ కారణం అందులో మునిగిపోతుంది.

చిన్న వివరాలే కేసును నిలబెడతాయి. ఉదాహరణకు, కూతురు ఫోన్ నుంచి "నేను బాగానే ఉన్నాను, వెతకొద్దు" అని వాట్సాప్ మెసేజ్ వచ్చిందనుకోండి. ఆ అమ్మాయి ఎప్పుడూ టైప్ చేయదు, తల్లికి వాయిస్ మెసేజ్‌లే పెడుతుంది. పైగా ఆ మెసేజ్ తర్వాత తల్లి చేసిన వీడియో కాల్ ఒక్కటీ ఎత్తలేదు. ఇలాంటిదాన్ని స్క్రీన్‌షాట్‌తో, పాత సంభాషణలతో కలిపి పెట్టాలి. తల్లికి మాత్రమే తెలిసే తేడా అది. లాయర్‌కు మీరు చెప్పకపోతే అఫిడవిట్‌లోకి రాదు.

మీకు వ్యతిరేకంగా ఉన్నవి కూడా దాచకండి. ఇంతకుముందు మీ మీద 498ఎ కేసు ఉందా, విడాకుల పిటిషన్ పెండింగ్‌లో ఉందా, పెద్దల ముందు ఒప్పందం రాసుకున్నారా? అవన్నీ అవతలివాళ్లు తమ కౌంటర్‌లో (కోర్టుకిచ్చే జవాబులో) ఎలాగూ బయటపెడతారు. దాచినట్టు తేలితే పిటిషన్ కొట్టేయడమే కాదు, ఖర్చులు కూడా విధించవచ్చు.

ప్రతివాదులుగా హోం శాఖ ముఖ్య కార్యదర్శి ద్వారా రాష్ట్రాన్ని, ఎస్పీ లేదా కమిషనర్‌ను, స్టేషన్ హౌస్ ఆఫీసర్‌ను, నిర్బంధించినట్టు మీరు చెబుతున్నవాళ్లను చేరుస్తారు. డిటెన్యూ తరఫున భార్య, భర్త, తల్లిదండ్రులు, తోబుట్టువులు, స్నేహితులు ఎవరైనా పిటిషనర్ కావచ్చు. ఏ సంబంధమూ లేని మనిషి వేస్తే మాత్రం నిలవదు.

కోర్టులో ఏం జరుగుతుంది?

మరీ అత్యవసరమైతే లాయర్ లంచ్ మోషన్ అడుగుతారు. అంటే ఉదయం అనుమతి తీసుకుని అదే రోజు మధ్యాహ్నం వినిపించడం. సెలవు రోజైతే జడ్జి ఇంటి దగ్గర హౌస్ మోషన్. ప్రాణాపాయం ఉందని చూపగలిగితేనే వీటికి అనుమతి దొరుకుతుంది.

మొదటి రోజు సాధారణంగా ప్రభుత్వ ప్లీడర్‌ను పోలీసుల దగ్గర వివరాలు తెలుసుకుని చెప్పమంటారు, లేదా ఫలానా తేదీకి మనిషిని హాజరుపరచమంటారు. హాజరుపరిచిన రోజు ఎలా ఉంటుందో ముందే తెలిస్తే మంచిది. మహిళా కానిస్టేబుల్ వెంట అమ్మాయి వస్తుంది. వరండాలో ఒక పక్క తల్లిదండ్రులు, మేనమామలు, ఇంకో పక్క భర్త తరఫువాళ్లు నిలబడి ఉంటారు. ఆమెను పలకరించాలని, ఏడ్చి చూపించాలని, "మీ అమ్మ మంచం పట్టింది" అని చెవిలో వేయాలని చూస్తారు. దయచేసి ఆ పని చేయకండి. జడ్జిలు ఆమెను ఛాంబర్‌కు పిలిచి ఒంటరిగా అడుగుతారు: ఎక్కడ ఉంటున్నావు, ఎవరైనా బలవంతం చేశారా, ఎక్కడికి వెళ్లాలనుకుంటున్నావు? బయట లాయర్లు చేసే వాదనలన్నీ ఆ కొద్ది నిమిషాల ముందు చిన్నవే.

ఈ మాటామంతీ ఎలా జరగాలో దేవు జి. నాయర్ కేసులో 2024 మార్చిలో సుప్రీంకోర్టు మార్గదర్శకాలు ఇచ్చింది. డిటెన్యూతో ఏకాంతంలో మాట్లాడాలి, నిర్బంధించారన్న ఆరోపణ ఉన్నవాళ్లు ఆ చుట్టుపక్కల ఉండకూడదు, పిటిషనర్‌తో ఆమెకున్న సంబంధం ఎలాంటిదని తవ్వకూడదు, కౌన్సెలింగ్ పేరుతో మనసు మార్చే ప్రయత్నం చేయకూడదు. వెనక్కి వెళ్లనని చెబితే వెంటనే స్వేచ్ఛగా పంపాలి. మీ కేసులో దీనికి విరుద్ధంగా ఏదైనా జరుగుతుంటే లాయర్ ఈ తీర్పు పేరు ఎత్తవచ్చు.

"నేను నా ఇష్టంతోనే ఉన్నాను, వెళ్లను" అని ఆమె చెబితే?

పిటిషన్ అక్కడితో ముగుస్తుంది. యుక్తవయసు వచ్చిన మనిషిని ఇష్టం లేకుండా భర్తకు గానీ తల్లిదండ్రులకు గానీ కోర్టు అప్పగించదు, హోమ్‌లోనూ ఉంచదు. భయపెట్టి చెప్పించారని మీకు నమ్మకం ఉంటే, ఆ మాట అప్పుడే లాయర్ ద్వారా చెప్పించండి. కొన్ని రోజులు ఎవరి ఒత్తిడీ లేని చోట ఉంచి మళ్లీ అడగమని కోరవచ్చు. అయితే దానికి కూడా ఆమె ఒప్పుకోవాలి.

నా భార్య వేరే వ్యక్తితో వెళ్లిపోయింది. అతని మీద వేయవచ్చా?

ఇష్టపడి వెళితే కుదరదు. వ్యభిచారాన్ని నేరంగా చూసిన పాత ఐపీసీ 497వ సెక్షన్‌ను జోసెఫ్ షైన్ కేసులో 2018లో సుప్రీంకోర్టు కొట్టేసింది. పెళ్లయిన స్త్రీని దురుద్దేశంతో మభ్యపెట్టి తీసుకెళ్లడం భారతీయ న్యాయ సంహిత 84వ సెక్షన్ కింద ఇంకా నేరమే. కానీ ఆమే వచ్చి "నా అంతట నేను వెళ్లాను" అంటే అదీ నిలవడం కష్టం. మీకు మిగిలేది విడాకులు, పిల్లల కస్టడీ. బాధ ఎంతున్నా, నలుగురి ముందు నిలబెట్టి అవమానించడానికి కోర్టును వాడుకోకండి. పిల్లలుంటే రేపు ఆ మాటలన్నీ వాళ్ల చెవిన పడతాయి.

పిల్లల్ని తీసుకుని చెప్పకుండా వెళ్లిపోయారు. వాళ్ల కోసం వేయవచ్చా?

పిల్లల విషయంలో లెక్క వేరు. చిన్నపిల్లల ఇష్టం కంటే వాళ్ల సంక్షేమమే కోర్టుకు ముఖ్యం. చట్టప్రకారం కస్టడీకి హక్కు లేనివాళ్ల దగ్గర బిడ్డ ఉంటే హెబియస్ కార్పస్ నిలుస్తుందని తేజస్విని గౌడ్ కేసులో 2019లో సుప్రీంకోర్టు చెప్పింది. అందులో తల్లి చనిపోయాక బిడ్డను తల్లి తరఫు బంధువులు ఉంచుకున్నారు, కోర్టు తండ్రికి అప్పగించింది. తల్లీతండ్రీ ఇద్దరూ బతికి ఉండి బిడ్డ ఒకరి దగ్గర ఉంటే, సాధారణంగా గార్డియన్స్ అండ్ వార్డ్స్ చట్టం కింద ఫ్యామిలీ కోర్టుకే వెళ్లమంటారు. హిందూ మైనారిటీ, గార్డియన్‌షిప్ చట్టం 6వ సెక్షన్ ప్రకారం అయిదేళ్లలోపు బిడ్డ మామూలుగా తల్లి దగ్గరే ఉండాలి. పాలు తాగే బిడ్డను లాక్కుని తల్లిని బయటికి గెంటిన కేసుల్లో హైకోర్టులు ఈ మాటకు చాలా బరువు ఇస్తాయి.

పెళ్లయిన అమ్మాయికి 18 నిండలేదు. అప్పుడు?

బాలల సంక్షేమ కమిటీ రంగంలోకి వస్తుంది. భర్తకు అప్పగించరు. తల్లిదండ్రుల దగ్గరకు వెళ్లడానికి అమ్మాయి భయపడితే హోమ్‌లో ఉంచుతారు. అబ్బాయి మీద పోక్సో (పిల్లలపై లైంగిక నేరాల చట్టం) కేసు పడే అవకాశం చాలా ఎక్కువ. 18 నిండని భార్యతో శారీరక సంబంధం కూడా అత్యాచారమేనని 2017లో ఇండిపెండెంట్ థాట్ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. పిటిషన్ వేసే ముందే ఈ సంగతి లాయర్‌తో మాట్లాడండి.

కనిపించనిది మా ఆయన. పోలీసులు తీసుకెళ్లారని అనుమానం.

అరెస్టు చేస్తే 24 గంటల్లో మేజిస్ట్రేట్ ముందు హాజరుపరచాలని రాజ్యాంగం 22వ అధికరణం చెబుతోంది. ఆ గడువు దాటినా హాజరుపరచకపోతే, స్టేషన్‌లో "మా దగ్గర లేడు" అంటుంటే, హెబియస్ కార్పస్‌కు ఇంతకంటే సరైన సందర్భం లేదు. భార్యాభర్తల తగాదాలో విచారణ పేరుతో పిలిచి రాత్రంతా స్టేషన్‌లో కూర్చోబెట్టడం కూడా నిర్బంధమే. ఏడేళ్లలోపు శిక్ష పడే నేరాల్లో సాధారణంగా ముందు భారతీయ నాగరిక్ సురక్షా సంహిత కింద 35(3) నోటీసు (హాజరు కమ్మని చెప్పే నోటీసు) ఇవ్వాలి. పాతవాళ్లు దీన్ని 41ఎ నోటీసు అంటారు.

తాగుడు మాన్పిస్తామని తోబుట్టువులో అత్తింటివాళ్లో అతన్ని డీ-అడిక్షన్ కేంద్రంలో చేర్చి, అక్కడ ఫోన్ కూడా ఇవ్వని సందర్భాలు ఉంటాయి. మెంటల్ హెల్త్‌కేర్ చట్టం 2017 ప్రకారం ఇష్టం లేని మనిషిని చేర్చుకోవడానికి వైద్యుల పరీక్ష, నామినేటెడ్ ప్రతినిధి (రోగి తరఫున నిర్ణయాల్లో తోడుండే వ్యక్తి) దరఖాస్తు ఉండాలి, 89వ సెక్షన్ కింద గరిష్ఠంగా 30 రోజులే. ఆ కాగితాలేవీ లేకుండా తలుపుకు తాళం వేస్తే అది ఆసుపత్రి అయినా అక్రమ నిర్బంధమే.

ఆయన విదేశంలో ఉన్నారు, ఆచూకీ లేదు.

విదేశంలో ఉన్న మనిషిని హాజరుపరచమని మన పోలీసులను ఆదేశించడం వల్ల ఫలితం ఉండదు. విదేశాంగ శాఖ మదద్ పోర్టల్‌లో ఫిర్యాదు నమోదు చేసి, ఆ దేశంలోని మన రాయబార కార్యాలయానికి రాయండి. పాస్‌పోర్టు నకలు, వీసా, పనిచేసిన చోటు వివరాలు ఉంటే పని ముందుకు సాగుతుంది. పిల్లల్ని ఇక్కడికి గానీ ఇక్కడి నుంచి గానీ తీసుకెళ్లిన వివాదమైతే, పిల్లల అపహరణపై 1980 నాటి హేగ్ ఒప్పందంలో భారత్ చేరలేదు. కాబట్టి కోర్టు ప్రతి కేసులోనూ బిడ్డ సంక్షేమాన్ని విడిగా తేలుస్తుంది.

నేనే ఇంట్లోంచి వచ్చేశాను. కొడుతున్నాడని పారిపోయాను. ఇప్పుడు నా మీద హెబియస్ కార్పస్ వేశారట. నన్ను పట్టి ఇస్తారా?

ఇవ్వరు. మీరు ఏ నేరమూ చేయలేదు. ఈ కేసులో మీరు నిందితురాలు కాదు. కోర్టు తెలుసుకోవాలనుకునేది మీరు క్షేమంగా, స్వేచ్ఛగా ఉన్నారా అన్నదే.

దాక్కుని ఉండడం వల్ల పోలీసులు మీకు ఆశ్రయమిచ్చిన స్నేహితురాలి ఇంటి మీద పడవచ్చు. అందుకే వీలైనంత త్వరగా ఒక లాయర్ ద్వారా గానీ, దగ్గరలోని మహిళా పోలీస్ స్టేషన్ లేదా సఖి కేంద్రం ద్వారా గానీ మీ మాట రికార్డు చేయించండి. ఎందుకు వచ్చేశారో, మీ ఇష్టంతోనే ఉన్నారో లేదో, ఎవరి వల్ల భయం ఉందో చెప్పండి. మీ ప్రస్తుత చిరునామా భర్తకు గానీ ఇంటివాళ్లకు గానీ తెలియకుండా చూడమని రాతపూర్వకంగా అడగండి. కోర్టుకు రావాల్సి వస్తే, ఛాంబర్‌లో ఒంటరిగా మాట్లాడతానని, వెళ్లేటప్పుడు పోలీసు రక్షణ కావాలని లాయర్ ద్వారా ముందే అడిగించండి. ప్రయాణం ప్రమాదమైతే వీడియో ద్వారా హాజరుకు అనుమతి కోరవచ్చు. గాయాల ఫొటోలు, ఆసుపత్రి చీటీలు దగ్గర పెట్టుకోండి. గృహహింస చట్టం కింద మీ కేసూ మొదలుపెట్టవచ్చు.

లాయర్‌ను పెట్టుకునే స్తోమత లేదు.

లీగల్ సర్వీసెస్ అథారిటీస్ చట్టం 12వ సెక్షన్ ప్రకారం స్త్రీలకు, పిల్లలకు, ఎస్సీ, ఎస్టీలకు ఆదాయంతో సంబంధం లేకుండా ఉచిత న్యాయ సహాయం దొరుకుతుంది. జిల్లా కోర్టు ప్రాంగణంలోని న్యాయ సేవాధికార సంస్థలో దరఖాస్తు ఇవ్వండి, లేదా 15100కు ఫోన్ చేయండి. హైకోర్టులో కేసుల కోసం హైకోర్టు న్యాయ సేవల కమిటీ విడిగా ఉంటుంది.

పిటిషన్ కొట్టేశారు. ఇక దారి లేదా?

సుప్రీంకోర్టుకు స్పెషల్ లీవ్ పిటిషన్‌తో (అప్పీలుకు అనుమతి కోరే పిటిషన్‌తో) వెళ్లవచ్చు. కొత్త ఆధారం దొరికితే మళ్లీ హైకోర్టుకే వెళ్లే వీలూ ఉంది. ఉత్తర్వును జాగ్రత్తగా చదవండి. "ఫ్యామిలీ కోర్టుకు వెళ్లవచ్చు", "పోలీసులు దర్యాప్తు కొనసాగించాలి" లాంటి వాక్యం చివర్లో ఉంటే దాని నకలు తీసుకుని ఆ దారిన వెంటనే వెళ్లండి.

ఏళ్లు గడిచాయి. ఏ కబురూ లేదు.

బతికి ఉంటే సహజంగా కబురు తెలియాల్సిన వాళ్లకు ఏడేళ్లుగా ఏమీ తెలియకపోతే, బతికే ఉన్నారని వాదించేవాళ్లే దాన్ని ఋజువు చేయాలని భారతీయ సాక్ష్య అధినియమ్ 111వ సెక్షన్ చెబుతోంది. హిందూ వివాహ చట్టంలో ఇదే ఏడేళ్ల కారణంతో విడాకులు అడగవచ్చు. ఇన్సూరెన్స్, పెన్షన్, ఆస్తి మార్పిడి కోసం సివిల్ కోర్టు డిక్లరేషన్ తెచ్చుకోవాల్సి రావచ్చు. అప్పుడు కోర్టు అడిగే మొదటి కాగితం, మనిషి కనిపించకుండా పోయినప్పుడు కట్టించిన మిస్సింగ్ ఎఫ్‌ఐఆర్. ఏడేళ్ల తర్వాత మరణాన్ని అనుకోవచ్చు గానీ మరణించిన తేదీని కోర్టు ఊహించదు, అది విడిగా ఋజువు చేసుకోవాల్సిందే. పాలసీ ప్రీమియం ఆగిపోయిన ఇళ్లలో డబ్బు దగ్గర తేడా వచ్చేది ఇక్కడే. కాబట్టి ఆ ఏడేళ్లూ వీలైతే ప్రీమియం కడుతూ ఉండండి.